ఆమోదం పొందిన చేను

మన దేశంలో పంట రెండు చోట్ల పండాలి: ముందు ఫొటోలో, ఆ తరువాత వీలునుబట్టి నేలమీద. ఈ సంగతి రైతులకు ఇంకా పూర్తిగా ఒంటబట్టలేదు గానీ, పంట చిత్ర ధ్రువీకరణ విభాగం వారికి ఒంటబట్టి చాలా కాలమైంది.

బొబ్బిలికి పదిహేను కిలోమీటర్ల అవతల, చినగెడ్డవలసలో కూర్మమ్మకు డెబ్బై సెంట్ల మెట్ట చేను ఉంది. ఆమెకు డెబ్బై నాలుగేళ్లు. కాపురానికి వచ్చిన నాటినుంచి అందులో గోగు వేసి నార తీస్తోంది. అయినా విభాగం వారి రికార్డులో ఆ చేను వరుసగా రెండేళ్లనుంచి 'బీడు'. కారణం, ఆమె పంపిన ఫొటో ఒక్కటీ ఆమోదం పొందలేదు. మూడో ఏడు కూడా బీడని పడితే, ఆ భూమిని వినియోగంలో లేని భూముల జాబితాలో చేర్చి ఏదైనా ఉపయోగకరమైన పనికి అప్పగించవచ్చునని నిబంధన. (ఉపయోగకరమైన పనుల పట్టికలో వ్యవసాయం లేదు.)

ఈ ఏడు ఫొటోలు తీసి పంపే పని ఊరి నమోదు కేంద్రంలో ఉద్యోగానికి కొత్తగా చేరిన యమునది. ఇరవై ఆరేళ్ల పిల్ల. వ్యవసాయ డిప్లొమా మొదటి తరగతిలో పాసైంది. సొంతానికి సెంటు భూమి లేదు.

ఆమె తీసిన మొదటి ఫొటో, రైతు కనిపించడం లేదని తిరిగొచ్చింది. రెండోది, రైతు అవసరానికి మించి కనిపిస్తోందని తిరిగొచ్చింది. మూడోదానిలో గోగాకు గంజాయి ఆకును పోలి ఉందని, ఫొటోలు సరిచూసే యంత్రానికి అనుమానం కలిగి, తిరస్కరించడంతో ఆగక ఠాణాకు కబురు పెట్టింది. ఒక కానిస్టేబులు వచ్చి, చేనంతా కలియతిరిగి, నమూనా కింద రెండు కట్టల ఆకు పట్టుకెళ్లాడు. మర్నాడు మళ్లీ వచ్చాడు. పులుసు బాగా కుదిరిందట, ఇంకో కట్ట కావాలట.

విభాగం వారి సర్వరు రోజూ ఉదయం పది నుంచి సాయంత్రం నాలుగు వరకు విశ్రాంతి తీసుకుంటుంది. కేంద్రం పనివేళలు కూడా అవే. ఆ ఆరు గంటలూ యమున ఆఫీసు కంప్యూటర్‌లో వ్యవసాయం ఆట ఆడేది. ఆటలో ఆమెకు పన్నెండు ఎకరాలు, చుట్టూ చెక్క కంచె, గుమ్మడి మడులు, ఒక చేపల చెరువు. మొలకలొస్తే ఒకటి, పొద్దు పొడిస్తే ఒకటి, ఊరికే బాగుందని మరొకటి, ఎఫ్ పన్నెండు మీట నొక్కి నాలుగు వందలకు పైగా స్క్రీన్‌షాట్లు తీసి దాచుకుంది. భూమి ఉన్నవాళ్లు గట్టు మీద నిలబడి చేను చూసుకుంటారు. లేనివాళ్లు ఎఫ్ పన్నెండు నొక్కుతారు.

ఒకనాడు ఫొటో సంగతి కనుక్కుందామని వచ్చిన కూర్మమ్మ తెరవైపు చూసి ఆగిపోయింది.

"ఒలమ్మ, ఆ సేను ఎవులిదే?"

"నాదే మామ్మా."

"ఎక్కడున్నాది?"

"ఈ కంప్యూటర్లోనే ఉన్నాది."

కూర్మమ్మ కాసేపు తేరిపార చూసి, "నీలు ఎక్కువెడతన్నావు. గుమ్మడి కుళ్లిపోతాది సూడు," అంది. (కుళ్లిపోయింది.)

గడువు ఆఖరి రోజు వచ్చింది. ఐదింటికి నమోదు మూసేస్తారు. ఆరోజు సర్వరు ఆలస్యంగా, నాలుగు నలభైకి కళ్లు తెరిచింది. అప్పటికి ఏడు ఫొటోలు తిరిగొచ్చాయి; యమున ఎనిమిదోది తీసి సిద్ధంగా ఉంచింది. ఆ కంప్యూటర్‌లో ఊరి పొలాలూ, ఆట పొలాలూ అన్నీ ఒకే ఫోల్డరులో ఉండేవి. కంగారులో వేలు ఒక గడి పక్కకు జరిగింది.

మూడు సెకన్లలో తెరమీద పచ్చటి అక్షరాలు వెలిగాయి: ఆమోదించడమైనది. నాణ్యత నూటికి తొంభై ఎనిమిది.

వెళ్లింది ఆట పొలం. యమున వెనక్కి తీసుకునే మీట కోసం వెతికింది. తిరస్కరించిన చిత్రాలను మాత్రమే వెనక్కి తీసుకోవచ్చునట. తలుపు దగ్గర కూర్చున్న కూర్మమ్మ దగ్గరకు వెళ్లి జరిగింది జరిగినట్టు చెప్పింది.

"అయితే ఐపోనాదా, నేదా?" అంది కూర్మమ్మ.

"ఐపోనాది మామ్మా. కానీ అది నీ సేను కాదు. నా ఆటలో సేను."

"మరెప్పుడైనా ఆపీసోలు వొచ్చి సూత్తే?"

దానికి జవాబు పది రోజుల్లో జీపెక్కి వచ్చింది. తొంభై ఐదు దాటిన చిత్రాలను నేలతో సరిపోల్చాలని నియమం. అందుకోసం నియమితులైన క్షేత్ర పోలిక అధికారి నరసింగరావు గారు, రంగుల్లో ముద్రించిన స్క్రీన్‌షాట్ చేత్తో పట్టుకుని, వాన లేక మోకాలెత్తు దగ్గరే ఆగిపోయిన గోగు చేను గట్టుమీద నిలబడ్డారు. కాగితం చూశారు. చేను చూశారు. మళ్లీ కాగితం చూశారు.

"చెరువేదమ్మా?"

"నేదు బాబూ."

"కంచె?"

"ముళ్లకంప ఉండీది. మేకలు తొక్కీసినాయి."

"ఈ మూల 'ఆరోగ్యం 74' అని రాసుంది. ఏమిటిది?"

"నా వయసే డెబ్బై నాలుగు బాబూ," అంది కూర్మమ్మ, సాయం చేద్దామని.

ఆయన ఫారం గళ్లలో ఒకటి రెండు టిక్కులు పెట్టారు. యమున ఇక ఆగలేక ముందుకొచ్చింది. "సార్, మామ్మ తప్పేమీ లేదు. అది నేను ఆడుకునే ఆట. నేనే పొరపాటున పంపీసినాను. నా ఉద్యోగం తీసీసినా పర్లేదు, సేను మాత్రం బీడని రాయకండి."

నరసింగరావు గారు చెడ్డవారు కారు. రెండేళ్లలో రిటైరవుతారు. కళ్లజోడు తీసి తుడుచుకుంటూ నెమ్మదిగా చెప్పారు. "చూడమ్మా, చిత్రం తప్పని నేను రాస్తే, ఆమోదించినవారు తప్పు చేశారని అర్థం. అలా రాయడానికి ఫారం లేదు. పొలం తప్పని రాయడానికి ఉంది. రాస్తే, చిత్రంలో ఉన్నట్టు మారడానికి పొలానికి ముప్పై రోజులు గడువిస్తారు."

"మారకపోతే?"

"బీడు."

కూర్మమ్మ గట్టుమీద చతికిలబడింది. "యాభై ఏళ్లు నడుం ఒంచినాను బాబూ ఈ సేన్ల. ఇది బీడైతే నానేటి?" అంది. గొంతు పెద్దది చెయ్యలేదు. నరసింగరావు గారు నిబంధనల పుస్తకం తీసి, చెమటలు కక్కుతూ ఎండలో పావుగంట తిరగేశారు.

"ఒక దారుంది," అన్నారు చివరకు. "సవరణ చిత్రం పంపొచ్చు. కాకపోతే మొదటి చిత్రం ఏ పరికరంతో తీశారో, రెండోదీ అదే పరికరంతో తియ్యాలి. ఫోన్‌తో తీస్తే చెల్లదు."

యమున ఆయన ముఖంలోకి చూసింది. ఆయన పుస్తకం మూసి జీపువైపు నడిచారు.

మొదటి చిత్రం తీసిన పరికరం ఆఫీసు కంప్యూటరే కనుక, మర్నాడే కేంద్రంలో పని మొదలైంది. కూర్మమ్మ కుర్చీ వేసుకుని కూర్చుని చెప్పేది, యమున ఆటలో కట్టేది. పన్నెండెకరాల కంచె పీకేసింది. చెరువు పూడ్చేసింది. గుమ్మడి మడులు దున్నేసేటప్పుడు మాత్రం ఒక్క క్షణం చెయ్యి ఆగింది. ఆటలో గోగు లేదు. దూరంనుంచి గోగులా కనిపించే ఏదో విదేశీ మొక్క నాటింది. ఉత్తరాన రెండు తాడిచెట్లు పెట్టింది.

"గట్టు తిన్నగా ఎయ్యకే. అక్కడ పాము పుట్ట ఉండీది. దాన్ని పడగొట్టడానికి మనసొప్పక మా ఆయన సుట్టూ తిప్పి ఏసినాడు."

యమున గట్టు వంకర తిప్పింది. కూర్మమ్మ లేచి వచ్చి, తెరమీద ఆ వంకర పొడుగునా వేలితో రాసింది. "ఇదేనే," అంది.

ఆరోజే ఆటలో వాన మొదలైంది. ఊళ్లో వాన చుక్క పడి నలభై రోజులైంది. "ఇప్పుడు తియ్యే," అంది కూర్మమ్మ ఆత్రంగా. "సేను నవ్వుతన్నాది." యమున ఎఫ్ పన్నెండు నొక్కింది.

సవరణ చిత్రానికి తొంభై తొమ్మిది వచ్చింది. నరసింగరావు గారు మళ్లీ వచ్చి గట్టు, తాడిచెట్లు, మొక్కలు ఒక్కొక్కటే పోల్చి, "పొలం చిత్రానికి అనుగుణంగా ఉన్నది" అని సంతకం పెట్టారు. పొడినేల మీద నిలబడి, కాగితంలోని వానను కూడా కాసేపు చూశారు గానీ, వాన గురించి ఆయన ఫారంలో గడి లేదు. రికార్డులో బీడు అన్న మాట పోయింది. కూర్మమ్మ గోగుకూర వండి యమునకు గిన్నెనిండా పంపింది.

పై నెలలో వర్షపాత నిర్ధారణ మండలి వారి ఉత్తర్వు వెలువడింది. చినగెడ్డవలసలో పొలం తడిసి ముద్దయ్యేంత వాన కురిసినట్టు ఆమోదిత చిత్రంలో స్పష్టంగా కనిపిస్తున్నందున, ఆ మండలాన్ని కరువు మండలాల జాబితానుంచి తొలగించడమైనదని అందులో రాశారు. రైతులకు అభినందనలు కూడా తెలియజేశారు.