సుధాకర్‌కు స్టేజ్ వన్

ఆదివారం పొద్దున సుధాకర్ వేసుకున్న పథకంలో తప్పు పట్టడానికేమీ లేదు. జమ్మికుంటలో ఒక జిన్నింగు మిల్లు మోటారు కాలిపోయిందని భార్య మంజులతో చెప్పాలి. ఎనిమిదింటికి సిరిసిల్లలో కారు తీసి కరీంనగర్‌లోనే ఆగిపోవాలి. అక్కడ బండికి కాస్త బలం పట్టించుకుని, పొద్దుగూకకముందే ఇంటికి వచ్చి, ఏమీ ఎరగనట్టు చేతులు కడుక్కుని అన్నానికి కూర్చోవాలి.

సుధాకర్‌ది మోటార్ వైండింగు దుకాణం. సిరిసిల్లలో బట్ట నేసే సాంచాలు తిప్పే మోటార్లలో సగం ఎప్పుడో ఒకసారి అతని బల్ల మీద పొట్ట విప్పుకుని పడుకున్నవే. నిరుడు ఒక ఎర్రటి టర్బో కారును సెకండ్ హ్యాండులో కొన్నాడు. చూడడానికి చిన్నదే గానీ, కాలు నొక్కితే చిరుతలా దూకుతుందని అమ్మినాయన చెప్పాడు. ఆ దూకుడు చూసే యోగం మాత్రం సుధాకర్‌కు ఇంకా పట్టలేదు. మంజుల పక్క సీట్లో కూర్చుంటే ముల్లు అరవై దాటదు. యాభై అయిదు దగ్గర ఆమె తలుపు పిడి పట్టుకుంటుంది. అరవై దగ్గర దేవుళ్ల పేర్లు మొదలుపెడుతుంది.

పోయిన నెల జమ్మికుంట రోడ్డు మీద, పత్తి బస్తాలు మిద్దెలా పేర్చుకున్న వ్యాను ఒకటి వీళ్లను దాటిపోయింది. పోతూ పోతూ ఆ డ్రైవరు సుధాకర్ వైపు జాలిగా చూశాడు. ఆ చూపు సుధాకర్ గుండెలో ముల్లులా దిగింది. తప్పు ఇంజనుది కాదని, పక్క సీటుదని అతనికి తెలుసు. కానీ పక్క సీటును మార్చే వీలూ లేదు, అతనికి ఆ ఉద్దేశమూ లేదు. అందుకని ఇంజనును మార్చాలనుకున్నాడు.

కరీంనగర్‌లో సాయిచంద్ అనే మెకానిక్ ఆ పనిలో దిట్ట. బండిలోని కంప్యూటరుకు తన ల్యాప్‌టాప్ తగిలించి ఇంజనుకు కొత్త బుద్ధులు నేర్పుతాడు. దాన్ని స్టేజ్ వన్ అంటారు. దాంతో తృప్తి పడనివాళ్లకు పొగ గొట్టం ఊడదీసి పెద్దది బిగిస్తాడు. అది స్టేజ్ టూ. నూటపది గుర్రాల ఇంజను నూటనలభై గుర్రాలదవుతుందని సాయిచంద్ చెప్పిన రోజు నుంచి, ఆ ముప్పై గుర్రాలు సుధాకర్ కలల్లో సకిలిస్తూనే ఉన్నాయి.

పళ్లు తోముకునే వంకతో పెరట్లోకి వెళ్లి, సుధాకర్ గొంతు తగ్గించి ఫోన్ చేశాడు.

"తమ్మీ, స్టేజ్ వన్నే గద? ఫికర్ లేదు గద? ... కోసుడు, కుట్లేసుడు ఏం ఉండదా? మంచిది... అవును, ఊపిరి సరిగ్గ ఆడ్తలేదు. ఎత్తు ఎక్కేటప్పుడు ఆయాసం వచ్చినట్టు జేస్తది... గంతతోని కాకుంటే లోపలి పైపు తీసి పెద్దది ఎయ్యాలంటవ్... గ్యారంటీ పోతదా? పోతే పోనీ తమ్మీ. ఎన్ని రోజులుంటే ఏంది, ఉన్నన్ని రోజులు జోరుగ ఉండాలె... మంజులకు మాత్రం తెల్వద్దు. తెలిస్తే తట్టుకోదు."

ఇంతసేపు మాట్లాడినా అతని నోట 'కారు' అనే మాట ఒక్కసారి కూడా రాలేదు. వంటింటి కిటికీ ఇవతల పోపు గింజల డబ్బా పట్టుకుని నిలబడిన మంజులకు, వచ్చిన మాటలన్నీ ఒక్కటి పొల్లుపోకుండా వినపడ్డాయి.

సుధాకర్ లోపలికి వచ్చేసరికి చాయకు బదులు రాగిజావ సిద్ధంగా ఉంది. మంజుల ముక్కు ఎర్రగా ఉంది.

"ఏందిది? చాయ ఏది?"

"జావ మంచిది. తాగయ్యా," అంది మంజుల, ఇంకేదో అనబోయి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంటూ.

ఉల్లిగడ్డలు తరిగిందేమో అనుకుని సుధాకర్ జావ తాగేశాడు. జమ్మికుంట మోటారు సంగతి చెప్పాడు. మామూలుగా అయితే ఆదివారం పూట పనేమిటని ఆమె నిలదీయాలి. ఇవాళ తలూపి ఊరుకుంది. పైగా కారు దాకా వచ్చి, అతని చొక్కా గుండీ సర్ది, "మంచిగ పోయిరా. నీకెట్ల మంచిగనిపిస్తె అట్ల పో," అంది.

పెళ్లయిన పద్నాలుగేళ్లలో 'మెల్లగ పో' అనకుండా ఆమె అతన్ని సాగనంపడం ఇదే మొదలు. ఇలాంటి మంచిదానితో అబద్ధమాడుతున్నానే అని సుధాకర్‌కు బైపాసు దాకా బాధగా ఉంది. బైపాసు ఎక్కాక తగ్గింది.

కారు వీధి మలుపు తిరగగానే మంజుల చెన్నూరులో ఉన్న తల్లి చంద్రవ్వకు ఫోన్ చేసి, మొగుడికి క్యాన్సరని చెప్పింది. చంద్రవ్వ ధైర్యం గల మనిషి. ఏడవడానికి ఒక్క నిమిషమే తీసుకుంది. "మనకు తెల్వద్దని దాస్తుండు బిడ్డా, మనం తెల్సినట్టు జెయ్యద్దు. మనాది పెట్టుకొని కుంగిపోతడు. పెద్ద దవాఖానలన్ని కరీంనగర్‌లనే గద, నేను ఆడికి బస్సెక్కుతున్న, నువ్వు గూడ రా," అని చెప్పి, ఎవరికీ తెలియకూడని ఆ సంగతిని ముందుగా దుబాయిలో ఉన్న పెద్దల్లుడు సంపత్‌కు చేరవేసింది.

పదకొండింటికి సుధాకర్ గ్యారేజీ ముందు బెంచీ మీద కూర్చుని, పోగొట్టుకున్న చాయను వసూలు చేసుకుంటూ ఉండగా సంపత్ ఫోన్ చేశాడు. షడ్డకులిద్దరికీ మాటలు తక్కువ. చేసినప్పుడల్లా సంపత్ అక్కడి రోడ్ల గురించి, అక్కడి కార్ల గురించి గొప్పలు చెబుతాడు. ఇవాళ వాటి ఊసే ఎత్తలేదు.

"తమ్మీ... నాకంత తెల్సింది."

సుధాకర్ చాయ గ్లాసు పక్కన పెట్టాడు. "ఎవరు చెప్పిండ్రన్నా నీకు?"

"ఎవరు చెప్తే ఏంది. గిసొంటియి దాచుకుంటే దాగుతయా? ఇప్పుడు యాడున్నవ్?"

"కరీంనగర్‌ల, సాయిచంద్ దగ్గర. పొద్దుగాలనే లోపలికి తీస్కున్నరు. ఇంక రెండు గంటలు పడ్తదట."

"లోపలికి తీస్కుంటే మరి నువ్వు ఫోన్ల ఎట్ల మాట్లాడుతున్నవ్?"

"నేను బయట కూసొని చాయ తాగుతున్నన్నా."

వైద్యం ఎంత ముందుకు పోయిందో అని సంపత్ కాసేపు ఆశ్చర్యపోయాడు. "ఏం గుండె ధైర్యం తమ్మీ నీది! స్టేజ్ వన్నే గద?"

"వన్ అయిపోవచ్చింది. ఎట్లనో ఇంత దూరమొచ్చిన గద, టూకు గూడ పోదామనుకుంటున్న."

"ఎవడన్న తన ఇష్టంతోని టూకు పోతడా?"

"పోరలు త్రీకి గూడ పోతున్నరన్నా. మనకు గంత సోకెందుకు, టూ చాలు. మీ దుబాయ్‌ల అయితే మస్తుమంది చేయిపిచ్చుకుంటరట గద?"

"మా క్యాంపుల ఒకాయన ఉండె," అన్నాడు సంపత్. "పోయిండు తమ్మీ."

"సౌదీకా?"

అటువైపు నుంచి వెక్కిళ్లు వినపడ్డాయి. "నేను టికెట్ తీస్తున్న, వస్తున్న," అని సంపత్ ఫోన్ పెట్టేశాడు. ఎదుటివాడి బండికి ముప్పై గుర్రాలు పెరిగితే ఒక మనిషి దుబాయి నుంచి ఏడ్చుకుంటూ వస్తాడని సుధాకర్ ఎన్నడూ అనుకోలేదు. అసూయ ఇంత పని చేస్తుందా అని లోపల కొంచెం గర్వపడ్డాడు కూడా.

ఆ గర్వంలోనే స్టేజ్ టూకు సరేనన్నాడు. మోటార్ల మనిషి గనుక పాత గొట్టం ఎలా ఊడుతుందో తన కళ్లతో చూడాలన్నాడు. సాయిచంద్ బండిని కొంచెం పైకి లేపి, కింద ఒక చక్రాల పలక పరిచాడు. సుధాకర్ వెల్లకిలా పడుకుని కిందికి జారాడు. మోకాళ్ల కింది భాగం మాత్రం బయట ఉంది.

సరిగ్గా అప్పుడు గ్యారేజీ ముందు ఆటో ఆగింది. సంపత్ చెప్పిన పేరు పట్టుకుని తల్లీకూతుళ్లిద్దరూ బస్టాండు నుంచి నాలుగు దవాఖానాలు తిరిగారు. సాయిచంద్ అనే డాక్టరు ఎక్కడా దొరకలేదు. చివరికి ఆటో అతను దించిన చోట బోర్డు ఉంది: 'సాయిచంద్ టర్బో క్లినిక్'. అందులో చంద్రవ్వకు కావలసిన మాటలు రెండూ ఉన్నాయి.

నల్లటి రబ్బరు తొడుగులతో ఎదురొచ్చిన సాయిచంద్‌ను చూసి ఆమె చేతులు జోడించింది. "డాక్టర్ సాబ్, మా అల్లుని పైపు తీసిండ్రా?"

"ఇప్పుడే తీసినం పెద్దమ్మా," అన్నాడు సాయిచంద్. వృత్తి మీద గౌరవం కొద్దీ అతన్ని చాలామంది డాక్టరనే పిలుస్తారు. "లోపలంత మసి పట్టింది. పాతది ఇగ పనికిరాదు."

కారు కింద ఉన్న సుధాకర్‌కు అత్త గొంతు తెలిసింది. తల తిప్పి చూస్తే రెండు జతల చెప్పులు కనిపించాయి. రెండో జతలోని కాళ్లకు తాను చేయించిన మెట్టెలున్నాయి. జమ్మికుంట అబద్ధం ఇక బయటపడినట్టే. చిన్నప్పుడు బడి ఎగ్గొట్టినప్పుడు చేసినట్టే చేశాడు. కదలకుండా, మెదలకుండా, ఊపిరి బిగబట్టి పడుకున్నాడు.

మంజులకు ముందు ఎర్ర కారు కనిపించింది. తర్వాత దాని కింద నుంచి బయటికి చాచుకున్న రెండు కాళ్లు కనిపించాయి. పొద్దున తాను ఇస్త్రీ చేసిచ్చిన ప్యాంటు. ఆమె పరుగున వచ్చి పాదాలు పట్టుకుంది.

"అవ్వా! సల్లగైనయే! కదుల్తలేడే!"

"ఓ నా కొడుకా!" అని చంద్రవ్వ ఎత్తుకున్న శోకానికి పక్కనున్న టైర్ల దుకాణం ఖాళీ అయింది. జనం పోగయ్యారు. ఎవరో నీళ్లన్నారు, ఎవరో అంబులెన్సు అన్నారు. చచ్చినట్టు పడి ఉండడం కన్నా బతికి బయటపడడమే మేలని అప్పటికి సుధాకర్‌కు తోచింది. పలక మీద మెల్లగా జారి వెలుతురులోకి వచ్చాడు. మొహమంతా మసి. కళ్లు, పళ్లు మాత్రం తెల్లగా ఉన్నాయి. ఏడుపు ఆగింది. టైర్ల దుకాణపాయన రెండడుగులు వెనక్కి వేశాడు.

మంజుల అతని మొహం, భుజాలు, ఛాతీ రెండు చేతులతో తడిమి చూసింది.

"స్టేజ్ వన్ అంటివి?"

"బండిది."

"ఊపిరి ఆడ్తలేదంటివి?"

"బండికే."

"గ్యారంటీ పోతదంటివి?"

"గది గూడ బండిదే మంజులా."

"ఉన్నన్ని రోజులు జోరుగ ఉండాలంటివి. గది గూడ బండేనా?"

సుధాకర్ చేతి మసి ప్యాంటుకు తుడుచుకున్నాడు. "గది... జర ఇద్దరికి."

మంజుల అతన్ని నవ్వుతూ కొట్టింది, ఏడుస్తూ కొట్టింది. ఆమె చేతులకూ మసి అంటింది, ఆ చేతులతో తుడుచుకున్న కళ్లకూ అంటింది. "పొద్దటి సంది, దవాఖానల తొడగనీకని నీ పాత అంగీ సంచిల పెట్టుకొని తిరుగుతున్ననయ్యా," అంది. "నువ్వు ఎంత జోరుగన్న ఉరుకు. నాకు చెప్పి ఉరుకు."

ఆ మాటకు సుధాకర్‌కు ముప్పై గుర్రాలూ చిన్నబోయినట్టనిపించింది. నూటపదికే దించెయ్యమని సాయిచంద్‌తో అనబోయాడు. మంజులే వద్దంది. ఇంత ఏడ్చాక ఉత్తచేతులతో పోవడమేమిటని ఆమె ఉద్దేశం. సంపత్‌కు ఫోన్ చేసి నిజం చెబితే, అతను పది నిమిషాలు ఆపకుండా తిట్టి, చివర్లో గొంతు తగ్గించి, "పికప్ ఎట్లుంది తమ్మీ?" అని అడిగాడు.

అంతా సర్దుకుంది, ఇక ఇంటికి పోదామనుకుంటుండగా చంద్రవ్వ గొంతు సవరించుకుంది.

"ఒక్క సంగతి ఉన్నది అల్లుడా. బస్సుల వస్తుంటే బాసర సరస్వతమ్మకు మొక్కిన. నీ గండం గట్టెక్కితే, ఇంటి గడప నుంచి కాలినడకన వచ్చి అమ్మ దర్శనం జేస్కుంటవని."

"అసలు గండమే లేదు గద అత్తమ్మా!"

"లేకుంట జేసిందెవరు మరి?"

సుధాకర్ మంజుల వైపు చూశాడు. భర్త ప్రాణాలతో దొరికిన ఆడమనిషి దేవతతో బేరం ఆడదు. సాయిచంద్ వైపు చూశాడు. అతను కూడా చెంపలు వేసుకుంటున్నాడు.

వచ్చే శనివారమే వసంత పంచమి. సోమవారం తెల్లవారుజామున, సిరిసిల్లలో ఇంటి గడపకు మొక్కి సుధాకర్ బయలుదేరాడు. కామారెడ్డి, నిజామాబాద్ మీదుగా అయిదున్నర రోజుల నడక. అతని వెనక పది అడుగుల దూరంలో ఎర్ర కారు కదిలింది. డ్రైవింగు నేర్చుకుని కూడా ఏనాడూ స్టీరింగు పట్టని మంజుల, మొగుణ్ని కళ్ల ముందు నుంచి పోనివ్వనని తానే బండి నడిపింది. పక్క సీట్లో చంద్రవ్వ, ఒళ్లో బత్తాయిలు. గంటకొకసారి బండి ఆపి అతనికి తొనలు వలిచి ఇచ్చారు. రాత్రుళ్లు సత్రాల్లో మంజుల అతని కాళ్లకు నువ్వుల నూనె రాసింది.

రెండో రోజు మధ్యాహ్నం సాయిచంద్ ఫోన్ చేశాడు. "అన్నా, కంప్యూటర్‌ల సెట్ చేసినప్పుడు రెండొందలు కొడ్తదనిపించింది. ఎట్లుంది? ఎంత దాక గుంజినవ్?"

సుధాకర్ వెనక్కి తిరిగి బండిని చూశాడు. లోపల నుంచి తల్లీకూతుళ్లిద్దరూ నవ్వుతూ చెయ్యి ఊపారు. అతనూ ఊపి, బొబ్బలెక్కిన పాదాన్ని ముందుకు వేశాడు.

శనివారం గోదావరి కనిపించేదాకా, నూటనలభై గుర్రాల ఆ బండి ఫస్టు గేరు దాటలేదు.