బొమ్మ రాని ఫోను

ఆ పొద్దున గడియారాల మేస్త్రి వేసుకున్న పథకం చాలా చిన్నది. కాఫీ తాగాలి, భార్య కంటపడకుండా కొట్టుకి జారుకోవాలి. కాఫీ అయింది. జారుకోవడమే గుమ్మం దగ్గర ఆగిపోయింది.

"ఏమండీ, నేను చేసిన వెబ్ సిరీస్ చూశారా?"

"చూడకేం! నిన్ననే చూశాను."

"అయితే మధ్యాహ్నం భోజనానికి తమ్ముడూ మరదలూ వస్తున్నారు. ఎలా చేశానో వాళ్ళ ముందే చెప్పండి."

ఇరవయ్యేళ్ళుగా కుట్టుమిషను వదలని ఇల్లాలు ఒక్కరోజు షూటింగ్‌కి వెళ్ళొచ్చింది. ఏం వేషమో వారం కిందటే చెప్పింది. మేస్త్రి అప్పుడు ఒక వాచీలో తలదూర్చి ఊ కొట్టాడు. ఇప్పుడు మళ్ళీ అడిగితే పరువు పోతుంది.

బాగుచేసుకుంటే ఏ వస్తువూ పాతబడదని ఆయన సిద్ధాంతం. రబ్బరుబ్యాండు వేసిన తొమ్మిదేళ్ళ ఫోను అందుకు సాక్ష్యం. ఆ ఫోను సిరీస్ వచ్చే యాప్‌ని గడప తొక్కనివ్వలేదు. పక్క కొట్టులోని సెల్ రిపేరాయన దగ్గరికి పరిగెత్తాడు.

"నా ఫోన్లో చూసెయ్యండి మేస్త్రిగారూ, పది నిమిషాల పని."

"నా ఫోనుకేం తక్కువండీ?"

రిపేరాయన నిట్టూర్చి, యాప్ పాత వెర్షన్ ఒకటి వెతికాడు. "చోటు లేదండీ. ఏదో ఒకటి తీసెయ్యాలి. ఇంటినుంచి వచ్చిన వీడియో ఉంది, మీరు తెరవనేలేదు."

"గుడ్ మార్నింగ్ పువ్వులయ్యుంటాయి. తీసెయ్యండి!"

యాప్ తెరుచుకుంది. మాటలు వినిపిస్తున్నాయి, బొమ్మ మాత్రం లేదు. మేస్త్రి ఫోను చెవికి ఆనించుకున్నాడు. ఎవరో ఆవిడ "నన్నొదిలి వెళ్ళిపోయావా అక్కా" అని గుండెలవిసేలా ఏడుస్తోంది. గొంతు కాస్త తేడాగా ఉంది. ఏడుపులో ఎవరి గొంతైనా మారుతుందిలే అని సర్దిచెప్పుకుని, తనూ కళ్ళు తుడుచుకున్నాడు.

భోజనాల దగ్గర అందరూ ఆయనకేసే చూశారు.

"ఏం ఏడ్చావే! రాళ్ళు కరిగిపోతాయి," అన్నాడు మేస్త్రి.

బావమరిది ముద్ద నోటిదాకా వెళ్ళి ఆగింది.

"ఇంకా?" అంది భార్య నెమ్మదిగా.

"ఆ 'అక్కా' అన్న పిలుపుందే! రిపేరాయన కూడా కదిలిపోయాడు."

బావమరిది భార్య గొంతు సవరించుకుంది. "అన్నయ్యగారూ, ఆ ఏడ్చినావిడ వేరే. వదినది శవం వేషం."



"రెండు గంటలు ఊపిరి బిగబట్టి పడుకున్నాను," అంది భార్య. "అందరికంటే ముందు మీరు చూడాలని ఆ సీను వీడియో మీకే పంపాను. ఫోనిటివ్వండి, వీళ్ళకీ చూపిద్దాం."

ఆ వీడియో ఏమైందో మేస్త్రి చెప్పాడు. గుమ్మం దగ్గర ఆడిన అబద్ధమూ చెప్పాడు. చెబుతున్నంతసేపూ కంచంలోంచి తల ఎత్తలేకపోయాడు. తిట్టినా బాగుండేదనిపించింది. ఆవిడ తిట్టలేదు.

"పోనీలెండి," అంది, కంచాలు తీస్తూ. "నాకు ఒక్క డైలాగూ ఇవ్వలేదు. అన్నీ మీకే వచ్చాయి."

సాయంత్రం దాకా ఆ ఇంట్లో శవం వేషం మేస్త్రి వేశాడు, ఊపిరి కూడా జాగ్రత్తగా పీల్చుకుంటూ.