రెండు కిలోమీటర్ల సామ్రాజ్యం

చక్రవర్తుల కాలం పోయిందని బెంగపడేవాళ్లు ఎవరైనా ఉంటే ఈ క్షణమే ఆపేయండి! ఒకాయన మా ఇంట్లోనే ఉన్నాడు. మలేషియాలోని ఇపోలో, మేడ మీద గదిలో, చేతిలో ఫోన్‌తో. నా కొడుకు శ్రీకుమార్.

మొన్న మనవరాలు భారతి చరిత్ర పాఠం బట్టీ పడుతుంటే విన్నాను. పూర్వం పర్షియా చక్రవర్తి తెలిసిన లోకంలో చాలా భాగం ఏలాడట. ఎక్కడ ఏం జరిగినా కనిపెట్టడానికి ‘రాజుగారి కళ్లు’ అని మనుషులను పెట్టుకున్నాడట. కబురు గుర్రాల మీద రావడానికి రోజులు పట్టేదట. రోజులు! నాకు జాలేసింది. మావాడికి క్షణం చాలు.

ఎలాగంటారా? నిరుడు నేను వీధి చివర కాలు జారి పడ్డాను. మర్నాడే నా చేతికి ఓ గడియారం తొడిగాడు. అది నాకు టైము చెప్పడానికి కాదండీ, వాడికి నన్ను చెప్పడానికి! ఇంటి చుట్టూ రెండు కిలోమీటర్ల మేర ఫోన్‌లో గీత గీశాడు. లోపలుంటే పచ్చ చుక్కని. దాటానా, గడియారం, ఫోన్ రెండూ గోల పెడతాయి.

ఎంత అదృష్టమో చూడండి! నేను సుంగై సిపుట్ దగ్గర రబ్బరు తోటలో పుట్టాను. అప్పట్లో నాకు తెలిసిన లోకమంతా ఆ తోటే, ఆ లోకమంతా దొరదే. తెల్లారకముందే పెరట్టు, అంటే హాజరు. కూలీల మేస్త్రీ కంగాణి పేరు పిలిస్తే ‘ఉన్నాను’ అనాలి. ఓసారి జ్వరమొచ్చి నేను పలక్కపోతే పాపం మా గుమ్మందాకా నడిచొచ్చి, నా మొహం చూసి పోయాడు. ఇప్పుడెవరికీ ఆ శ్రమ లేదు! గడియారం పొద్దున్నే ‘టింగ్’ అంటుంది. నేను ‘ఉన్నాను’ అంటాను. పాత అలవాటు.

చక్రవర్తికి తెలియనిది లేదు. ఎన్ని అడుగులు వేశాను, గుండె ఎన్నిసార్లు కొట్టుకుంది, అన్నీ తెలుసు. బల్ల దగ్గర నా ఎదురుగా కూర్చుని ఫోన్‌లో నన్ను చూస్తాడు.

“రాత్రి సరిగ్గా నిద్రపోలేదు లా, అమ్మా” అంటాడు ఇంగ్లీషులో, ఇక్కడివాళ్ల ‘లా’ తగిలించి.

ఎందుకని అడగడు. అది ఫోన్‌లో రాదు కదా!

ఎందుకంటే మరిడమ్మ. తోటలో నా పక్క వరసలో రబ్బరు చెట్లకు పాలు గీసిన మనిషి. నా తెలుగుకు తెలుగులోనే బదులిచ్చే మనుషుల్లో ఇంక అదొక్కతే మిగిలింది. మోకాళ్లు పోయి సుంగై సిపుట్‌లో ఇల్లు కదల్లేదు. ‘వచ్చే ఆదివారం తీసుకెళ్తా’నని ప్రభువులు సెలవిచ్చి పదకొండు ఆదివారాలైంది. సామ్రాజ్యం ఏలేవాడికి తీరికెక్కడిది?

బుధవారం నేనే బస్సెక్కాను. గీత దాటగానే చెయ్యి కేకలు మొదలెట్టింది. మరిడమ్మ గుమ్మం దాకా ఆపలేదు.

“ఏటే, సేతికి కోడిపుంజుని కట్టుకొచ్చినావా?” అంది మరిడమ్మ.

గంట తిరక్కుండా కారొచ్చి ఆగింది. పని మధ్యలో వదిలేసి, చెమటలు కక్కుతూ మావాడు.

“అమ్మా! ఏటమ్మా ఇది! సెప్పకుండా వచ్చీసినావు! నాను బయపడిపోనాను లా!” భయానికి వాడి నోట తెలుగే వచ్చేసింది.

“కూకోరా. తిన్నాక తిడుదువు” అని మరిడమ్మ చేపల పులుసు వడ్డించింది.

చేతులు కడుక్కోబోతూ ఫోన్ కిటికీలో పెట్టి మరిచిపోయాడు. మేమిద్దరం తోట కబుర్లలో పడ్డాం. ఏనుగు మా కూలి ఇళ్ల లైన్ల మీదికొచ్చిన రోజు సంగతి చెబుతుంటే మావాడు ముద్ద ఆపేసి, “అప్పుడు నువ్వేటి సేసినావమ్మా?” అన్నాడు. గడియారం తొడిగాక వాడు నన్నడిగిన మొదటి ప్రశ్న అది. పొద్దు వాలేదాకా కదల్లేదు.

ఇంటికొచ్చాక దయ తలచి గీతను పెద్దది చేశాడు. సుంగై సిపుట్ కూడా ఇప్పుడు లోపలే.

“ఇంక నీ ఇష్టం వచ్చినప్పుడు ఎల్లమ్మా. అలారం మోగదు.”

చూశారా, ఎంత ఉదారుడో! అలారం మోగదు. వాడూ రాడు.

అందుకని మీకో చిన్న మనవి. ఇపో నుంచి, కొత్త గీతకు కూడా అవతలున్న పెనాంగ్‌కు బస్సు ఎన్నింటికో ఎవరైనా చెబుతారా? పోను టికెట్ ఒక్కటి చాలు. తిరిగి రావడానికి కారొస్తుంది.