సింహం రాకముందే భయపడిన సభ

పరాయి దేశంలో మన పేట అయిన ద పాండ్స్ తెలుగువారికి గర్వకారణమైన వార్త. మన కమ్యూనిటీ హాల్లో నూరేళ్ల నాటి సింహాల మూకీ చిత్ర ప్రదర్శన దిగ్విజయంగా ముగిసింది. చిత్రం వేయలేదన్న చిన్న లోపం తప్ప, కార్యక్రమానికి వంక పెట్టడానికి ఏమీ లేదు.

యూనివర్సిటీలో సినిమా చదువుతున్న రుచితది ఈ ఆలోచన. అడవిలో స్వేచ్ఛగా తిరిగే సింహాలను తీశామని చాటుకున్న దొరలు, నిజానికి ఒక సింహాన్ని కంచెలో పెట్టి, పస్తులుంచి, కర్రతో పొడిచి నోరు తెరిపించారు. మూకీ కనుక దాని ఏడుపు ఎవరికీ వినపడలేదు. ఈ మోసం కనిపెట్టిన రుచిత ఆ చిత్రాన్ని జనానికి చూపించి, చూసేవాళ్ల ముఖాలను వీడియో తీయించి లెక్చరర్‌కు ఇవ్వాలి. ఇవ్వకపోతే ఫెయిల్. మళ్లీ ఏడాది చదవాలి.

మన సంఘం ఉదారంగా సహకరించింది. ముందు జ్యోతి ప్రజ్వలనం. వీడియో తీసే సుబ్బరాజు గారి కెమెరాలో మంట సరిగ్గా పడలేదు కనుక, దీపం ఆర్పి మళ్లీ వెలిగించారు. తర్వాత అధ్యక్షులు డాక్టర్ ద్వారకానాథ్ గారు సింహంపై ప్రసంగించారు.

"డియర్ ఫ్రెండ్స్, లయన్ అంటే ఎవరు? మనమే! ఇండియా నుంచి వచ్చి ఈ జంగిల్‌లో సర్వైవ్ అయ్యాం కదా! రౌస్ హిల్‌లో నా ఫస్ట్ క్లినిక్ పెట్టినప్పుడు..."

ఆయన మూడో క్లినిక్ తెరిచేసరికి బిర్యానీ వచ్చింది. హాలు ఖాళీ చేయాల్సిన వేళ కూడా వచ్చింది.

"అంకుల్, ప్లీజ్, ఫిల్మ్ వేద్దాం. రియాక్షన్స్ లేకపోతే ఐ విల్ ఫెయిల్," అంది రుచిత కళ్లనిండా నీళ్లతో.

"కంగారు పడకమ్మా, నేనున్నాగా," అంటూ సుబ్బరాజు గారు ఖాళీ తెరకు వీపు పెట్టి, కెమెరా జనం వైపు తిప్పారు. "ఆంటీలూ, సింహం వచ్చేసిందండీ, భయపడండి! డాక్టర్‌గారూ, మీరు నవ్వకండి. వన్స్ మోర్! సింహాన్ని ఎడిటింగ్‌లో పెట్టేస్తాను."

బిర్యానీ ప్లేట్లు కుర్చీల కింద దాచి, అందరూ శాస్త్రోక్తంగా భయపడ్డారు.

గత్యంతరం లేక రుచిత ఆ వీడియోనే ఇచ్చింది. క్లాసులో అందరికంటే ఎక్కువ మార్కులు వచ్చాయి. సిగ్గు ఆపుకోలేక నిజం చెప్పేద్దామని వెళితే, ఇంత సహజమైన భయం నటన కానేకాదని లెక్చరర్ కొట్టిపారేశాడు. సంఘం ఆమెకు శాలువా కప్పింది. ముఖం సరిగ్గా పడలేదని ఇంకోసారి కప్పింది. రెండోసారి ఆ అమ్మాయి చాలా సహజంగా నవ్వింది.

మీరు మరీ అంత నవ్వకండి. మీ పెళ్లి వీడియోలో ఉన్నది ఎన్నోసారి కట్టిన తాళో ముందు కనుక్కోండి.