తమస్రూత్ మంత్ర నియంత్రణ ఒప్పందం, పన్నెండో నిబంధన

ఈ ఏడాది బాదం చెట్లు పూసిన వారంలో, మా తమస్రూత్ ఊరి ఎగువపేట, దిగువపేటల మధ్య ప్రమాదకర మంత్ర ప్రయోగాల నియంత్రణ ఒప్పందం అమల్లోకి వచ్చిందని సకల జనులకూ తెలియజేయడానికి సంతోషిస్తున్నాను.

ఎగువపేటవారు తాయెత్తులు రాస్తారు. వారి పెద్ద సీ బిహి. దిగువపేటవారు మూలికలు కాల్చి ధూపం వేస్తారు. వారి పెద్దావిడ లల్లా తూదా. ఈ వైరం ఎంత పాతదో ఎవరికీ తెలియదు గాని, దాని వల్ల కలిగే మేలు అందరికీ తెలుసు. వాన రాకపోతే తప్పు ఎగువపేట తాయెత్తుది, వరదొస్తే దిగువపేట ధూపానిది. మూడేళ్ళు వరసగా పరీక్ష తప్పిన విద్యార్థి, రొట్టె మాడ్చిన ఇల్లాలు, వంకర గోడ కట్టిన మేస్త్రి, అందరూ నిర్దోషులే. ఇంత దయగల న్యాయం మరే ఊళ్ళోనూ దొరకదు.

ఇంత చక్కటి ఏర్పాటుకు అడ్డు తగిలింది ఒక పెళ్ళి. సీ బిహి మేనల్లుడు హమ్మూకూ, లల్లా తూదా మనవరాలు ఇజ్జాకూ నిశ్చయమై నాలుగేళ్ళు దాటింది. పిల్ల వస్తూ వస్తూ దుమ్ములగొండి మెదడు తెచ్చి మొగుడికి తినిపిస్తుందని ఎగువపేట భయం. అది తిన్న మగవాడు పెళ్ళాం మాట జవదాటడని మా వైపు పాలు తాగే పిల్లలకు కూడా తెలుసు. పిల్ల దిండులో నోరు కట్టే తాయెత్తు కుడతారని దిగువపేట భయం. చివరికి ఇజ్జా పెద్దలందరి ముందూ నిలబడింది.

"ఇంకో బాదంపూత దాకా నేనాగను. ఒప్పందం రాసుకుంటారా, మా ఇద్దర్నీ అగాదిర్ పట్నం బస్సెక్కమంటారా?"

లేచిపోవడం కంటే సంధి నయమని రెండు పేటలూ ఒప్పుకున్నాయి.

పత్రం ఎగువపేటవారు రాస్తే అదే పెద్ద తాయెత్తు అయిపోతుందని దిగువపేట అభ్యంతరం చెప్పింది. అందుచేత ఆ గౌరవం ఊరి రాయసగాణ్ణైన నాకు దక్కింది. నా చేతిరాతను జిన్నులు కూడా చదవలేవని ఉభయపక్షాలూ ఏకగ్రీవంగా ధ్రువీకరించాయి. నిబంధనలు పదకొండు. గడపల కింద పాతిన తాయెత్తులు తవ్వి తీయాలి. ఊసరవెల్లులను ఊరి హద్దుల్లో ధూపానికి కాల్చరాదు. దుమ్ములగొండి మెదడును ఎండబెట్టి గాని, వండి గాని, తేనెలో కలిపి గాని వడ్డించరాదు. ఈ మెదడు నేరం రుజువైతే పెళ్ళి రద్దు, ఒప్పందం రద్దు.

సంతకాల వేళ టీ దగ్గర చిక్కొచ్చింది. ఎదుటివాడు పోసిన టీ వద్దంటే అవమానం, తాగితే ప్రాణాపాయం. రెండు టీ కెటిల్లూ ఎదురెదురుగా పొగలు కక్కి, నిట్టూర్చి, చల్లారిపోయాయి. చివరకు పక్క ఊరి నుంచి ఒక గాడిదలవాణ్ణి పిలిపించి అతని చేత కాయించారు. ఆ ఊరివాళ్ళకు మంత్రం వేసేంత తెలివి లేదన్న విషయంలో రెండు పేటలకూ ఎన్నడూ భేదాభిప్రాయం లేదు. అతను చక్కెర తక్కువ వేశాడు. ఇరుపక్షాలూ కలిసి అతన్ని తిట్టడంతో శాంతి నెలకొంది.

పెళ్ళయింది. మూడు వారాలు ఊరు ప్రశాంతంగా ఉంది. ఆ తర్వాతి గురువారం సంతలో ఘోరం జరిగింది.

హమ్మూ సంచీ మోశాడు. తన చేత్తో, పట్టపగలు, నిండుగా కూరగాయలున్న సంచీ. పక్కనే ఇజ్జా చేతులూపుకుంటూ నడిచింది. పైగా ఏ గుమ్మడికాయ బాగుందో అతను ఆమెను అడిగాడట, ఆమె చెప్పిందే కొన్నాడట. సాయంత్రానికల్లా నూనె గానుగ గదిలో విచారణ సంఘం కూర్చుంది. నేరం రుజువైతే ఇజ్జాను మర్నాడే పుట్టింటికి పంపేస్తారు. గది నిండిపోయి, కొందరు గానుగ రాయి మీదికి కూడా ఎక్కారు.

"ఒరేయ్ హమ్మూ, మేనమామని, నా దగ్గర దాచకు. ఏం తినిపించింది?" అన్నాడు సీ బిహి.

"రొట్టె, నూనె, తేనె మామా."

"రుచి తేడాగా ఉందా?"

"చాలా బాగుంది మామా."

గదిలో కలకలం రేగింది. ఇంటి వంట బాగుందని మగవాడు పదిమందిలో చెప్పడం మా రికార్డుల్లో లేదు. దీన్ని రెండో లక్షణంగా నమోదు చేశాను.

"మరి సంచీ ఎందుకు మోశావురా?"

"బరువుగా ఉంది మామా."

"బరువుంటుంది గనకే గదరా ఆడవాళ్ళు మోసేది!"

"నాకు ఆమె అంటే ఇష్టం మామా, అంతే," అన్నాడు హమ్మూ. సంఘం ఈ సమాధానాన్ని అసంబద్ధమని తోసిపుచ్చింది.

లల్లా తూదా లేచింది. "మా పిల్ల ఏ మెదడూ పెట్టలేదు, ఒట్టు! నా సరుకే గనక పెట్టి ఉంటే వీడు సంచీయేంటి, గాడిదనే మోసేవాడు."

"ఆ మాట మాత్రం అనకు తూదక్కా," అంది వెనక నుంచి సీ బిహి భార్య ఫద్మా. "నలభై ఏళ్ళలో నీ దగ్గర మూడు మెదళ్ళు తెచ్చి ఈయనకి పెట్టాను. ఇవాళ్టి దాకా గ్లాసుడు మంచినీళ్ళు అందించి ఎరగడు."

కోపం తెచ్చుకోవాలో గర్వపడాలో తెలియక కాసేపు తడబడి, సీ బిహి గర్వమే ఎంచుకున్నాడు. "చూశారా! నా తాయెత్తే నన్ను కాపాడింది!"

"ఏ తాయెత్తు? అది ఏడేళ్ళ కిందటే ఉతుకులో పోయింది."

ఈ సాక్ష్యం గనక పత్రంలోకి ఎక్కితే ఇటు తాయెత్తులూ ఉండవు, అటు ధూపాలూ ఉండవు. పరీక్ష తప్పినవాడు తానే తప్పినట్టవుతుంది. చరిత్రలో మొదటిసారి సీ బిహి, లల్లా తూదా ఒకరి చెవిలో ఒకరు గుసగుసలాడుకున్నారు.

ఇజ్జా మాత్రం తగ్గలేదు. "పంపిస్తే పంపించండి. ఈయన కూడా నాతోనే వచ్చేస్తాడు. సంచీ కూడా ఈయనే మోస్తాడు!" అంది. ఆడవాళ్ళంతా పకపకా నవ్వారు. నాకు ఆ పిల్లంటే అప్పుడే ముచ్చటేసింది గాని, రాయసగాణ్ణి కాబట్టి రాయలేదు.

తీర్పు ఏకగ్రీవం. ఫద్మా సాక్ష్యం కొట్టివేయడమైనది. పెళ్ళి చెల్లుతుంది. ఒప్పందానికి పన్నెండో నిబంధన చేర్చడమైనది: "భార్యపై భర్తకు గల ఇష్టాన్ని, మూలం తెలియని ప్రయోగంగా పరిగణించవలెను. దీనికి ఏ పేటలోనూ విరుగుడు లేదు. ఇంట్లో అనుమతి, బజారులో నిషేధం. సదరు భర్త భార్యకు పది అడుగులు ముందు నడవవలెను."

హమ్మూ చట్టాన్ని గౌరవించే మనిషి. ప్రతి గురువారం సరిగ్గా పది అడుగులు ముందే నడుస్తున్నాడు. కాకపోతే ఆమె వైపు తిరిగి, వెనక్కి వెనక్కి నడుస్తున్నాడు. ఇప్పటికి రెండుసార్లు క్యారెట్ల బండిని గుద్దుకున్నాడు. మొహం ఎటు ఉండాలో నిబంధనలో లేనందున సంఘం ఏమీ చేయలేకపోతోంది.

పన్నెండో నిబంధన వచ్చాక నాకు పని పెరిగింది. తమకు ఆ ప్రయోగం సోకలేదని రాసిమ్మంటూ రెండు పేటల మగవాళ్ళూ నా గుమ్మం ముందు బారులు తీరుతున్నారు. "ఇతనికి భార్యపై ఎట్టి ఇష్టమూ లేదని ఇందుమూలముగా ధ్రువీకరించడమైనది" అని రాసి ముద్ర వేసి ఇస్తున్నాను. వాళ్ళు దాన్ని చొక్కా జేబులో, పైకి కనబడేటట్టు పెట్టుకుంటున్నారు. చదువరులైన మీకూ ఒకటి కావాలంటే మొహమాటపడకండి. విచారణ, సాక్ష్యాలు అక్కర్లేదు. పోయిన వారం కూరగాయల సంచీ ఎవరు మోశారో చెబితే చాలు, క్షణంలో రాసిస్తాను.