పిన్ని పొలంలో పరిహార భవనం

భూములు కోల్పోయినవారికి సత్వర పరిహారం అందించే కార్యాలయానికి సొంత భవనం లేకపోవడం మిక్కిలి విచారకరమని గుర్తించిన ప్రభుత్వం, ఆ భవనం కోసం మా కూరగాయల పిన్ని అరెకరం తీసుకుంది. ప్రజాసేవలో ఇంతకన్నా చక్కటి పొందిక ఎక్కడా కుదరదు.

పిన్నికున్నది ఆ అరెకరమే. బెండ, వంగ మడులు, ఒక బావి, గట్టు మీద పదకొండు నిమ్మచెట్లు. భర్త పోయాక వాటితోనే ఇద్దరు కూతుళ్లను పెంచింది.

శంకుస్థాపననాడు పెద్ద అధికారి ఆమెను వేదిక మీద నిలబెట్టి, "ఈ మహాతల్లి నవ్వుతూ నేలనిచ్చింది!" అన్నారు. మేమంతా చప్పట్లు కొట్టాం.

"నేనియ్యలేదు బాబూ, మీరే తీసుకున్నారు," అంది పిన్ని. మైకు అప్పటికే పక్కకు జరిపేశారు.

పరిహారం అడిగితే, భవనం పూర్తయ్యాక రమ్మన్నారు. కార్యాలయమే లేకుండా దరఖాస్తు ఎక్కడ తీసుకుంటారు? సబబే. రెండేళ్లకు భవనం లేచింది. నిమ్మచెట్లు లెక్కించే సిబ్బంది వచ్చేసరికి చెట్లు లేవు, కొట్టేశారు. కట్టెలుగా లెక్కిద్దామంటే కట్టెలూ లేవు, ఎవరో ఎత్తుకుపోయారు. నిష్పక్షపాతంగా సున్నా వేశారు. బావి పూడ్చడానికి అయిన మట్టి ఖర్చు మాత్రం పిన్ని పేర రాశారు.

చివరికి సర్వేయరుగారు కుర్చీలో వెనక్కి వాలి, "భూమి చూపించండమ్మా, చూడకుండా సంతకం పెట్టను," అన్నారు.

"మీ కుర్చీ కిందే ఉంది నాయనా. అక్కడే బెండ వేసేదాన్ని."

ఆయన బాధ్యత గల మనిషి. కుర్చీ జరిపి, వంగి, గచ్చును వేలితో తట్టి మరీ చూశారు. నివేదిక రాశారు: 'పరిశీలించగా సాగుభూమి కానరాలేదు. దరఖాస్తుదారు ప్రభుత్వ భవనాన్ని తనదిగా చెప్పుకొనుచున్నారు.' దురాక్రమణ యత్నానికి పదిహేను రోజుల్లో సంజాయిషీ ఇమ్మని పిన్నికి నోటీసు వెళ్లింది. ఆ పొలం ఆమెదేనని ఇరుగుపొరుగువాళ్లు ఇద్దరు సాక్ష్యం చెప్పాలట.

పిన్ని నా దగ్గరికి వచ్చింది. "ఇరవయ్యేళ్లు నా మడుల్లో కూరలు కోసుకెళ్లావు కదరా. ఆ రెండు ముక్కలే రాసి సంతకం పెట్టు."

"దానికేం పిన్నీ, వచ్చేవారం చూద్దాం."

"గడువు రేపటితో సరిరా," అంది. పక్కవాళ్లను అడగడానికి వెళ్లింది.

నాకేం మనసు లేక కాదు. పరిహార భవనం ఎదుట జిరాక్స్ కొట్టు పెట్టుకున్నాను. ప్రతి దరఖాస్తుకూ తొమ్మిది నకళ్లు కావాలి. కొట్టు అనుమతి ఏటేటా పొడిగించేది ఆ సర్వేయరుగారే. మిగతా ఇరుగుపొరుగుకూ ఇలాంటి ఇబ్బందులే: ఒకరికి టీ దుకాణం, ఒకరికి అద్దె గదులు. పిన్ని పొలం పుణ్యమా అని వీధంతా కళకళలాడుతోంది.

సాక్షులు లేనందున ఆమెకు ఎన్నడూ భూమి లేదని తీర్మానించి ఫైలు మూసేశారు. ఆ ఉత్తర్వుకు నకళ్లు నా కొట్లోనే తీశాను. పిన్ని తన కాపీ కోసం వస్తే పైసా పుచ్చుకోలేదు. మనిషన్నాక ఆమాత్రం జాలి ఉండొద్దూ? నా స్థానంలో ఉంటే మీరైనా పుచ్చుకునేవారు కాదని నాకు తెలుసు.