ఇక రోజూ సెలవు

ఆ గురువారం పొద్దున చిటపట మనసులో అనుకున్న పని చాలా చిన్నది. తొమ్మిదింటికి పళ్ళ డాక్టరు దగ్గర పన్ను పీకించుకోవాలి, పదింటికల్లా ఇల్లు చేరాలి, పదకొండింటికి కెమెరా ముందు కూర్చుని ఎప్పటిలాగే అరవాలి. అంతే. అంతకు మించి ఆ రోజు ఆయన ఎవరికీ ఏ అపకారమూ తలపెట్టలేదు.

చిటపట అన్నది అమ్మానాన్నలు పెట్టిన పేరు కాదు, చానల్ చూసే జనం పెట్టుకున్న పేరు. పదమూడేళ్ళుగా వీడియో గేములు ఆడుతూ, ఆడేది నలుగురికీ చూపిస్తూ బతుకు వెళ్ళదీస్తున్న మనిషి. ఆట బాగా వచ్చా అంటే, రాదు. వచ్చిందల్లా కోపం. ప్రతి గురువారం అదే గేము, అదే కోట గుమ్మం, ఆ గుమ్మానికి అడ్డంగా అదే ఇనప ఏనుగు. దాని కాలి కింద పడి చావడం, చచ్చిన ప్రతిసారీ ఆ ఏనుగునీ, ఏనుగుని తయారుచేసినవాణ్ణీ, వాడికి అక్షరాలు దిద్దబెట్టిన పంతులునీ వరసపెట్టి తిట్టడం. ఆ తిట్ల కోసమే జనం పనులు మానుకుని వచ్చేవాళ్ళు. అలా పళ్ళు నూరగా నూరగా కుడివైపు దవడపన్ను నిలువునా చీలి ఊరుకుంది.

ఈ ఏడాది మాత్రం చూసేవాళ్ళు పలచబడ్డారు. ముప్ఫై వేలమంది కూడే చోట ఆరు వేలమందే కనిపిస్తున్నారు. 'నేను రేపు మానేస్తే ఎవడైనా అయ్యో అంటాడా?' అన్న ప్రశ్న ఆయన లోపల ముల్లులా విరిగి ఉంది. పైకి ఎవరితోనూ అనలేదు. అనడానికి బదులు ఏనుగుని ఇంకాస్త గట్టిగా తిట్టేవాడు.

"ఎవరి మీదండీ ఇంత కోపం?" అన్నాడు డాక్టరు, నోట్లోకి దీపం వేసి చూసి.

"ఏనుగు మీద."

డాక్టరు సూది పొడిచి, "మొద్దుబారేదాకా పావుగంట అలా బయట కూర్చోండి. పీకాక కుట్టు వేస్తాను. రెండు గంటలు దూది కొరికిపట్టి ఉండాలి. మాట్లాడారో, కుట్టు ఊడుతుంది. అరిచారో, మళ్ళీ ఈ కుర్చీలోకే వస్తారు" అన్నాడు.

"మరి పదకొండింటికి నా ఆట ఉందే!"

"ఏనుగుని రేపటిదాకా ఆగమనండి."

మండిపడుతూనే చిటపట బయట బల్ల మీద కూలబడ్డాడు. ఈ రోజు ఆట లేదని చానల్లో ఒక ముక్క పెట్టించాలి. ఆ పనులన్నీ చూసేది భార్యే. ఆమెకి సందేశం పంపుదామంటే చత్వారం కళ్ళజోడు ఇంట్లో ఉండిపోయింది. దూరంగా ఉన్నది ఎంతైనా కనిపిస్తుంది గానీ, చేతిలో ఉన్న ఫోనులో అక్షరాలు చీమల బారే. నోటితో చెబితే ఫోనే రాసిపెడుతుంది కదా అని, పెదవుల దగ్గర పెట్టుకుని "ఈ రోజుకి సెలవు" అన్నాడు.

ఆయన అన్నది అదే. కాకపోతే అప్పటికే పెదవి సగమూ, నాలుక ముప్పాతికా మొద్దుబారి ఉన్నాయి. ఫోను తనకి వినిపించినంతలో "ఇక రోజూ సెలవు" అని శుభ్రంగా రాసి పంపేసింది.

ఇంట్లో భార్య అది చదివి నిలబడ్డచోటే కూర్చుండిపోయింది. పక్కనే బట్టలు మడతపెడుతున్న తల్లి, "ఏమైందే?" అని గాభరా పడింది.

"ఆయన ఆపేస్తున్నారమ్మా."

"ఏది, అరవడమా?"

"చానల్."

"రెండూ ఒకటేగా!" అని ఆవిడ లేచి, కుట్టుమిషన్ మీది దుప్పటి లాగేసింది.

భార్య రెండుసార్లు ఫోను చేసింది. చిటపట అప్పటికి నోరు తెరుచుకుని కుర్చీలో ఉన్నాడు, జేబు మోగిన రెండుసార్లూ తడుముకుని నొక్కేశాడు. పాపం, గొంతు పూడుకుపోయి మాట్లాడలేకపోతున్నారు కాబోలు అనుకుంది ఆమె. పదమూడేళ్ళ కాపురం లాంటి చానల్‌ని మూడు మాటల్లో ముగిస్తే ఏం బాగుంటుందని, తనే నాలుగు మంచి మాటలు కలిపింది. 'ఇన్నేళ్ళ మీ ఆదరణకి నమస్కారం. ఇక సెలవు' అని పెద్ద అక్షరాలతో పెట్టింది. గంభీరంగా ఉంటుందని నలుపు తెలుపు ఫోటో ఒకటి జతచేసింది. ఆ ఫోటో చూసి మొట్టమొదట కామెంటు పెట్టినాయన 'ఎప్పుడు పోయారు? ఎలా పోయారు?' అని అడిగాడు.

చిటపట దవడ పట్టుకుని గుమ్మంలో అడుగుపెట్టేసరికి అత్తగారు ఎదురొచ్చి రెండు చేతులూ పట్టుకుంది.

"ఎంత మంచి మాట విన్నాను బాబూ! నాకు తెలుసు, మీకూ ఎప్పుడో ఒకప్పుడు బుద్ధి... అదే, తీరిక దొరుకుతుందని."

చిటపటకి ఏమీ అర్థం కాలేదు. "ఊఁ?" అన్నాడు.

"ఊఁ అంటున్నారు చూడవే, ఎంత సౌమ్యంగా ఉన్నారో!"

ఆయన వాళ్ళని తప్పించుకుని తన గదిలోకి వెళ్ళి, గుమ్మంలోనే కొయ్యబారిపోయాడు. బల్ల మీద కుట్టుమిషన్. బల్ల మీద ఉండాల్సిన మైకూ, వైర్లూ, కళ్ళజోడూ అన్నీ ఏవో అట్టపెట్టెల్లోకి చేరాయి. ఆయన కుర్చీ వరండాలో ఉంది. కింది వాటాలో ఉండే ఇంటాయన సున్నం వేయించడానికి టేపు పట్టుకుని గోడ కొలుస్తున్నాడు. చప్పుడు బయటికి పోకుండా చిటపట గోడలకి అంటించిన కోడిగుడ్ల అట్టల్ని వేలితో గోకి చూస్తున్నాడు.

"రావయ్యా రా. ఈ అట్టలన్నీ నువ్వే పీకించాలి, ముందే చెబుతున్నా. పదమూడేళ్ళు మా ఆవిడ చెవుల్లో దూది పెట్టుకు బతికింది. ఇవాళ నీ నోట్లో దూది చూస్తుంటే కళ్ళు చల్లబడ్డాయనుకో!"

చిటపట ముఖం కందగడ్డైంది. నోట్లో తిట్లు దొంతరలుగా పేరుకున్నాయి గానీ, వాటికి ముందు దూది, దూదికి ముందు డాక్టరు మాట అడ్డం నిలబడ్డాయి. పిడికిలితో గోడని గుద్దాడు. ఇంటాయన భుజం తట్టి, "అనుబంధం మరి! ఉంటుంది, ఉంటుంది" అన్నాడు.

భార్య వచ్చి జరిగిందంతా చెప్పింది. ఎలా పెట్టిందీ, ఎంతమంది చూసిందీ మురిసిపోతూ చెప్పింది. అప్పుడు తెలిసింది చిటపటకి తన చానల్ తన ప్రమేయం లేకుండానే మూతపడిందని. గబగబా ఒక కాగితం లాక్కుని, కళ్ళు చికిలించి, కోపంగా 'ఆపలేదు' అని గీకి అత్తగారి ముఖం ముందు పెట్టాడు.

ఆవిడ కాగితం దూరంగా పెట్టి కూడబలుక్కుంది. "ఆ... ప... లే... ను. ఆపలేను! అయ్యో బాబూ, కన్నీళ్ళా? ఆపుకోకండి, ఏడ్చేయండి. మనవాళ్ళ ముందు మొహమాటమేమిటి?"

చిటపట కాగితాన్ని ముక్కలు ముక్కలు చేశాడు. కాళ్ళు నేలకేసి కొట్టాడు. కళ్ళలో కోపానికి నిజంగానే నీళ్ళు తిరిగాయి. దాంతో ఆవిడ మాట రుజువైపోయింది.

"ఇటు వినండి, జనం ఎంత బాగా రాస్తున్నారో!" అని భార్య ఫోను చదవడం మొదలుపెట్టింది. "'మంచి పని చేశావన్నా.' 'ఐదేళ్ళ కిందటే మానాల్సింది.' 'ఇకనైనా ప్రశాంతంగా ఉండు.' 'నీ తరవాత ఏ చానల్ చూడమంటావు?'"

చిటపట వేలు ఆడించాడు, ఇంకా చదవమని. ఆమె వందదాకా చదివింది. దండాలూ దీవెనలూ కుప్పలు తెప్పలు. ఆగమన్నవాడు మాత్రం ఒక్కడు లేడు. ఇన్నాళ్ళూ లోపల విరిగి ఉన్న ముల్లు ఇంకో అంగుళం దిగింది.

"ఎంత మర్యాదస్తులండీ! మీ మనసు మెత్తన కదా అని చివర నేనే ఒక ముక్క కలిపాను, 'దయచేసి ఎవరూ ఆగమని అడగొద్దు' అని. ఒక్కరు మాట జవదాటలేదు చూశారా?"

చిటపట భార్యని చూసిన చూపుకి గోడ మీది అట్ట ఒకటి ఊడి కిందపడింది. గోకి వదిలేసింది ఇంటాయనే గానీ, అందరూ ఒక అడుగు వెనక్కి వేశారు. ఆమె చెప్పింది కాబట్టి అడగలేదా, అడగాలని లేక అడగలేదా? అది తేలకపోతే ఆయన ఈ రాత్రి నిద్రపోలేడు.

ఆయన ఇంక ఎవరినీ చూడలేదు. కుట్టుమిషన్‌ని రెండు చేతులా ఎత్తి అత్తగారి ముందు దింపాడు. ఇంటాయన చేతిలో టేపు లాగి కిటికీలోంచి విసిరేశాడు. వరండాలో కుర్చీని ఈడ్చుకొచ్చి, అట్టపెట్టెల్ని బోర్లించి, వైర్లు గుచ్చి, లైవ్ మీట నొక్కాడు.

"చివరిసారి ఆడతారట, పిచ్చి మనిషి!" అని భార్య కళ్ళొత్తుకుని, ఆ ఆటకి 'ఆఖరి ఆట' అని తనే పేరు పెట్టింది. ఐదు నిమిషాల్లో చూసేవాళ్ళు నలభై వేలు దాటారు. ఎదురుగా పెద్ద తెర మీద ఆ అంకె ఆయనకి బాగానే కనిపించింది, కనిపించి ఒళ్ళు ఇంకా మండింది. బతికున్నన్నాళ్ళూ రానివాళ్ళు మోయడానికి వచ్చినట్టుంది.

కోట గుమ్మం వచ్చింది. ఏనుగు వచ్చింది. అది ఇలా కనబడగానే "రారా ఇనప డబ్బా!" అని మొదలెట్టడం అలవాటు. ఇవాళ దూది కొరికి ఊరుకున్నాడు. గది నిశ్శబ్దంగా ఉంది. ఆ నిశ్శబ్దంలో పదమూడేళ్ళలో మొదటిసారి ఒక చప్పుడు వినబడింది. ఏనుగు కాలెత్తే ముందు దాని మెడగొలుసు 'టింగు'మంటోంది. ఒకసారి అంటే ఎడమకాలు. రెండుసార్లు అంటే కుడికాలు. గేము చేసినవాడు పాపం మొదటి రోజునుంచీ చెబుతూనే ఉన్నాడు. ఈయన అరుపులో ఆ ముక్క ఎన్నడూ చెవిన పడలేదు.

టింగు. ఆయన కుడికి జరిగాడు. టింగు టింగు. ఎడమకి జరిగాడు. పదకొండు నిమిషాలు గడిచాయి. ఏనుగు ముందుకాళ్ళ మీద కూలింది. గుమ్మం తెరుచుకుంది. అవతల చిన్న పూలతోట, ఒక బెంచీ ఉన్నాయి. ఇంకేమీ లేదు.

కామెంట్లు ఆగిపోయాయి. తరవాత ఒక్కసారిగా వచ్చి పడ్డాయి.

భార్య కంగారుగా ఫోను అందుకుంది. "ఏమండీ, వీళ్ళేమిటిలా... 'సిగ్గుందా నీకు?' అంటున్నాడు ఒకాయన. 'ఎవరిని అడిగి గెలిచావు?' అంట. 'పదమూడేళ్ళు నమ్మించి గొంతు కోశావు కదరా!' ఇంకొకాయన, 'మా నాన్న ఆస్పత్రిలో ఉన్నప్పుడు నువ్వు చావడం చూసే నవ్వేవాళ్ళం, ఇలా గెలిచి పోతే మేం ఎవణ్ణి చూడాలి?' అని రాశాడు. ఇదిగో ఈవిడ నర్సట. 'చానల్ ఆపావంటే ఇంటికొచ్చి రెండో దవడ కూడా పగలగొడతా' అంటోంది. అమ్మో, చదవనా మాననా?"

చదవమని చిటపట చేయి ఊపాడు. ఒక్కొక్క తిట్టూ వింటుంటే ముఖం విప్పారుతోంది. వదులుకోదలిచినవాడి మీద మనిషి ఇంతలా ఎగిరిపడడు, ఆ సంగతి ఆయనకంటే బాగా ఎవరికి తెలుసు? గోడ గడియారం చూస్తే డాక్టరు చెప్పిన రెండు గంటలూ నిండి పది నిమిషాలైంది. దూది తీసి పక్కన పడేశాడు.

"ఒరేయ్! నేనన్నది ఈ రోజుకి సెలవు అనిరా! ఈ... రో... జు... కి! ఎవడ్రా ఆపేది?"

"ఈ రోజుకా?" భార్య ఫోను చూసుకుంది. "మరి ఇక రోజూ అని పంపారు?"

ఆయన ఆ ఫోనునీ, దాన్ని తయారుచేసినవాణ్ణీ, వాడికి చెవులు కుట్టించినవాళ్ళనీ ఓ పావుగంట తిట్టాడు. అంతసేపూ నలభై వేలమందిలో ఒక్కడు కదల్లేదు. ఇంటాయన టేపు వెతుక్కోడానికి మెట్లు దిగాడు. అత్తగారు కుట్టుమిషన్ మీద దుప్పటి కప్పి, "మొద్దు మందు ఇంకో రెండ్రోజులు ఉండేది దొరకదటే?" అని కూతుర్ని అడిగింది.

చూసేవాళ్ళందరూ ఒక్క మాట మీద నిలబడ్డారు. జరిగిందేదో జరిగింది, క్షమించేస్తాం, వచ్చే గురువారం మొదటినుంచి ఆడు, బుద్ధిగా ఓడిపో అన్నారు. ఆయనా ఎగిరి ఒప్పుకున్నాడు.

మరుసటి గురువారం యాభై వేలమంది ముందు కూర్చుని, "రారా ఇనప డబ్బా!" అని ఇల్లు అదిరేలా అరిచాడు. గొలుసు టింగుమంది. వేళ్ళు వాటంతట అవే బొమ్మని పక్కకి జరిపాయి. ఇంకా గట్టిగా అరిచాడు, రెండు చెవుల్లో దూది కుక్కుకున్నాడు, చివరికి కళ్ళు కూడా మూసుకున్నాడు. వేళ్ళు ఆ వరస మరిచిపోలేదు, ఏనుగు మళ్ళీ కూలింది.

ఓడిపోవడం ఇంత కష్టమైన పనని ఆయనకి పదమూడేళ్ళలో ఎన్నడూ తోచలేదు.